ప్రవాసుల స్తోత్రం: టోల్కీన్ కల్పిత లోకంలో మంత్రార్థ విచారం

మంత్రానికి అర్థం ఉన్నదా లేదా అన్న సందేహం వేదాన్ని కాదన్నవారు మాత్రమే లేవదీసినది కాదు. వేదపదాలకు నిర్వచనం చెప్పబూనిన యాస్కాచార్యుడు తన నిరుక్తంలోనే ఈ పూర్వపక్షానికి చోటు కల్పించాడు. కౌత్సుడి వాదంగా దానిని మన ముందుంచాడు. మంత్రంలో ఒక పదాన్ని తీసి పర్యాయపదం వేయడానికి వీలులేదు. పదాల క్రమాన్ని తిప్పడానికి వీలులేదు. ఓషధిని కాపాడమని వేడుకోవడం, గొడ్డలిని హింసించవద్దని ప్రార్థించడం లోకంలో పొసగని మాటలు. రుద్రుడు ఒక్కడే అని ఒకచోట, వేలమంది అని మరొకచోట చెప్పడం పరస్పర విరుద్ధం. కొన్ని పదాలకైతే అర్థమే స్ఫురించదు. కాబట్టి మంత్రాలు అర్థరహితాలని కౌత్సుడి పక్షం.

యాస్కుడు ఈ ఆక్షేపణలను వరుసగా పరిహరించాడు. వేదంలోని మాటలు లోకం వాడుకలోని మాటలే గనుక వాటికి అర్థం ఉండక తప్పదన్నాడు. తండ్రీకొడుకులు అన్నట్లుగా లోకవ్యవహారంలోనూ కొన్ని మాటల వరుస స్థిరంగా ఉండడాన్ని చూపాడు. తెలియని పదాల విషయంలో ఆయన చెప్పిన సమాధానం లోకోక్తిగా నిలిచిపోయింది. చూపులేనివాడికి ఎదుటి స్తంభం కనబడకపోతే అది స్తంభం దోషం కాదని దాని తాత్పర్యం. వేదం వల్లించి అర్థం ఎరుగనివాడిని బరువు మోసే స్తంభంతో పోల్చిన సంప్రదాయాన్నీ నిరుక్తమే స్మరించింది.

ఈ వివాదం మన శాస్త్రగ్రంథాలకే పరిమితమనుకుంటాం. కాని కల్పిత లోకాన్ని సృష్టించే ప్రతి రచయితా, ప్రతి చలనచిత్ర దర్శకుడూ దీనిని ఎదుర్కొనక తప్పదు. లేని లోకానికి పర్వతాలను, నదులను, రాజులను కల్పించడం సులభం. ఆ లోకంలోని ప్రజలు దేనికి మొక్కుతారు, ఏ మాటలతో మొక్కుతారు అన్నచోటనే కల్పనకు పరీక్ష. ఆ మాటలు పవిత్రమైనవని పాఠకుడు నమ్మాలి. నమ్మడానికి అతని వెనుక బాల్యం లేదు, గుడి లేదు, తాతముత్తాతలు లేరు. మరి నమ్మకం దేనివల్ల కలుగుతుంది? నాదం వల్లనా, అర్థం వల్లనా? ఈ వ్యాసంలో ప్రధానంగా పరిశీలించేది జె.ఆర్.ఆర్. టోల్కీన్ రచించిన ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’లోని ఎల్బెరెత్ స్తోత్రం. దానికి ముందు, మన భాషనే అరువు తెచ్చుకొన్న రెండు కల్పిత లోకాలను చూడడం అవసరం.

అరువు తెచ్చుకొన్న నాదం

1999లో విడుదలైన ‘స్టార్ వార్స్’ చిత్రం ‘ది ఫాంటమ్ మెనేస్’లో ఖడ్గయుద్ధానికి నేపథ్యంగా ఒక బృందగానం వినిపిస్తుంది. జాన్ విలియమ్స్ స్వరపరచిన ఆ రచన పేరు ‘డ్యుయల్ ఆఫ్ ది ఫేట్స్’. మధ్యయుగానికి చెందిన ఒక వెల్ష్ కవితకు రాబర్ట్ గ్రేవ్స్ చేసిన ఇంగ్లీషు రూపం నుంచి కొన్ని మాటలు తీసుకొని, వాటిని సంస్కృతంలోకి మార్పించి, గాయకబృందం చేత పాడించారు. సంస్కృతాన్ని ఎన్నుకోవడానికి కారణం దాని అచ్చుల ధ్వని. సంగీతానికి అనుకూలంగా అక్షరాలను ముందువెనుకలు చేయడంతో, సంస్కృతం వచ్చినవారు చెవియొగ్గి విన్నా వాక్యం చేతికి అందదు.

సంగీతంగా ఆ రచన శక్తి కాదనలేనిది. మంత్రంగా మాత్రం అది కౌత్సుడి పక్షానికి ఉదాహరణ. మన వేదపాఠంలోనూ పదాల వరుసను తిప్పడం ఉన్నది కదా అని అడగవచ్చు. ఘనపాఠంలో పదాలు ముందుకు, వెనుకకు, మళ్లీ ముందుకు నడుస్తాయి. కాని అక్కడ పదం ముక్కలు కాదు. ఏ పదం ఎక్కడిదో మరచిపోకుండా, ఒక్క స్వరమైనా జారిపోకుండా కాపాడడానికే ఆ తిప్పడమంతా. ఒకచోట పదాన్ని రక్షించడానికి క్రమం మారింది. మరొకచోట అందం కోసం పదమే కరిగిపోయింది. పైకి ఒకటిగా కనిపించే ఈ రెండు పనుల మధ్య ఉన్న దూరమే మంత్రానికీ, మంత్రంలా వినిపించే ధ్వనికీ మధ్య ఉన్న దూరం.

రెండవది 2003లో లఘు ధారావాహికగా వచ్చి, 2004 నుంచి 2009 వరకు కొనసాగిన ‘బ్యాటిల్‌స్టార్ గెలాక్టికా’. రిచర్డ్ గిబ్స్ కూర్చిన దాని ప్రారంభగీతంలో వినిపించేది సాక్షాత్తు గాయత్రీ మంత్రం. ఇక్కడ అక్షరాలు చెదరలేదు. అయితే ఉదాత్తానుదాత్త స్వరాలకు బదులు స్వరకర్త బాణీ ఉన్నది. కథలోని మనుషులు గ్రీకు దేవతల పేర్లు కల దేవతలను కొలుస్తారు. వారి శత్రువులైన యంత్రజాతి ఒకే దేవుణ్ణి నమ్ముతుంది. సవితృదేవుణ్ణి ఎరిగినవారు ఆ లోకంలో ఎవరూ లేరు. ఇల్లు కోల్పోయి చీకటిలో దారి వెతుక్కొనే జనానికి, బుద్ధిని ప్రేరేపించమని వెలుగును వేడుకొనే మంత్రం భావంలో చక్కగానే అమరుతుంది. అయినా ఆ ప్రార్థన చేసేవారు కథలో లేరు; అందుకొనేవాడూ లేడు. అర్థం ఉన్నది, సంబంధం లేదు. తలుపు మీద వేరొకరి ఇంటిపేరు చెక్కిన పలక తగిలించినట్లు, అది అందంగా ఉండి కూడా ఆ ఇంటివారిని గురించి ఏమీ చెప్పదు.

ఈ రెండింటిలో అపచారాన్ని వెతకడం నా ఉద్దేశం కాదు. నాదం ఒక్కటే చాలదని మొదటిదీ, నాదానికి అర్థం తోడైనా చాలదని రెండవదీ తెలుపుతున్నాయి. మూడవది ఏదో కావాలి. అది టోల్కీన్ స్తోత్రంలో కనిపిస్తుంది.

నక్షత్రాలు వెలిగించిన తల్లి

టోల్కీన్ ఆక్స్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో ప్రాచీనాంగ్ల భాషకు ఆచార్యుడు. ఆయన ముందు భాషలను సృష్టించి, వాటిని మాట్లాడే జనం కోసం తరువాత లోకాన్ని సృష్టించాడు. ఆ లోకంలో మానవులకంటే ముందు పుట్టిన, వృద్ధాప్యం లేని జాతి ఎల్ఫులు. ఫిన్నిష్ నాదాన్ని తలచుకొని వారికి క్వెన్యా అనే భాషనూ, వెల్ష్ నాదాన్ని తలచుకొని సిందారిన్ అనే భాషనూ కూర్చాడు. వారు కొలిచే దేవి నక్షత్రాలను వెలిగించినది. క్వెన్యాలో ఆమె వర్డా. సిందారిన్‌లో ఎల్బెరెత్, అంటే నక్షత్రరాణి. గిల్థోనియెల్, అంటే నక్షత్రాలను వెలిగించినది. మన సహస్రనామాల్లో దేవత చేసిన పనే దేవతకు పేరైనట్లు, ఈ పేర్లు కూడా ధాతువుకు, ప్రత్యయానికి లెక్క చెప్పగల పేర్లు.

1954లో వెలువడిన మొదటి సంపుటంలో, రివెండెల్ అనే లోయలోని అగ్నిశాలలో ఈ స్తోత్రం పూర్తిగా వినిపిస్తుంది. కథానాయకుడు ఫ్రోడో తన పెద్దవాడైన బిల్బోతో కలసి శాల నుంచి వెళ్లబోతుండగా వెనుకనుంచి ఒక కంఠం పాట ఎత్తుకొంటుంది. ఫ్రోడో ఆగిపోయి వెనుదిరిగి చూస్తాడు. అది ఎల్బెరెత్ పాట అని బిల్బో ఒక్క మాట చెబుతాడు, అంతే. రచయిత ఆ స్తోత్రాన్ని సిందారిన్‌లోనే ముద్రించి, అక్కడ అనువాదం ఇవ్వలేదు. ప్రతిపదార్థం 1967లో గాని రాలేదు. డొనాల్డ్ స్వాన్ స్వరపరచిన పాటల పుస్తకంలో టోల్కీన్ దానికి ఎల్ఫుల లిపినీ, పదం పదానికీ అర్థాన్నీ సమకూర్చాడు. పదమూడేళ్లపాటు సామాన్య పాఠకుడు ఆ స్తోత్రాన్ని అర్థం తెలియకనే చదివాడు. అయినా అది అర్థరహితమని అతనికి తోచలేదు. ఎందుకని?

మొదటి కారణం భాషకు సంబంధించినది. తనకు తెలియకపోయినా, ఎవరికో తెలిసిన మాట అది అన్న నమ్మకాన్ని పదాలే కలిగిస్తాయి. ‘ఎల్’, ‘గిల్’ అనే నక్షత్రవాచకాలు మరికొన్ని పేర్లలోనూ తిరిగి కనిపిస్తుంటాయి. యాస్కుడి వాదంలోని మొదటి మెట్టు ఇక్కడ అన్వయిస్తుంది. స్తోత్రంలోని మాటలు ఆ లోకంలోని మామూలు మాటలకు బంధువులు.

రెండవ కారణం ఇంకా లోతైనది. ఎల్ఫులలో క్వెన్యా ప్రాచీన భాష. సముద్రానికి ఆవల, పడమటి పుణ్యభూమిలో మాట్లాడినది. సముద్రం దాటి తూర్పునకు వచ్చినవారు వచ్చినచోటి సిందారిన్‌ను నిత్యవ్యవహారానికి స్వీకరించారు. క్వెన్యా ఉత్సవాలకూ, శాస్త్రానికీ మిగిలింది. స్వయంగా టోల్కీనే దానిని ఎల్ఫుల లాటిన్‌గా వర్ణించాడు. మనమైతే ఎల్ఫుల సంస్కృతం అనుకోవచ్చు. ఆశ్చర్యమేమంటే, ఆ లోకంలో అత్యంత పవిత్రమైన ఈ స్తోత్రం క్వెన్యాలో లేదు, సిందారిన్‌లో ఉన్నది. దేవి ఉండేది సముద్రానికి ఆవల, పాడేవారున్నది ఈవల, పాడుతున్న భాష ఈవలి గడ్డది. చెట్లు అల్లుకొన్న ఈ నేలమీద నుంచి, దాటలేని సముద్రం వైపు చూస్తూ పాడుతున్నామన్న ఎరుకే స్తోత్రానికి సారం.

రివెండెల్‌కు ముందే, ఫ్రోడో స్వగ్రామసీమ అయిన షైర్ అడవిలో, ఇదే దేవిని కీర్తించే పాట ఒకటి వినబడుతుంది. అది పాడే బృందానికి నాయకుడైన గిల్డోర్ తాము ప్రవాసులమని చెప్పుకొంటాడు. ఫ్రోడోకు ఆ భాష కొద్దిగానే వచ్చు. తోడున్న మిత్రులకు రాదు. అయినా ధ్వని రాగంతో కలసి వారి తలపులో దానంతటదే మాటలుగా రూపుకడుతుంది. ఆ భావంలో ప్రధానమైనది స్మరణ: దూరదేశంలో, చెట్లక్రింద నివసించే తాము పడమటి సముద్రం మీది నక్షత్రకాంతిని మరువలేదని చెప్పడం. వరం కోరడం లేదు, పాపక్షమాపణ లేదు. మరువలేదు అని చెప్పుకోవడమే ప్రార్థన. ఆలయ ప్రాచీనభాష చెంతనే ప్రజలభాషలో అన్నమాచార్యుడి సంకీర్తన వెలసిన తిరుమలను ఎరిగిన మనకు ఈ అమరిక కొత్త కాదు. మూలభాషలో కానంత మాత్రాన స్తోత్రం పవిత్రత తగ్గదని ఈ ఆంగ్ల రచయిత గ్రహించాడు.

నేర్వని భాషలో మొర

స్తోత్రానికి అసలు పరీక్ష రెండవ సంపుటం చివర వస్తుంది. షెలోబ్ అనే భయంకరమైన సాలీడు విషానికి ఫ్రోడో కుప్పకూలాడు. అతని అనుచరుడు, వృత్తిరీత్యా తోటమాలి అయిన శామ్ ఒంటరిగా ఎదురు నిలిచాడు. చేతిలో నక్షత్రకాంతి నింపిన ఒక స్ఫటికపాత్ర. అప్పుడతని నోటివెంట ఎల్బెరెత్‌ను పిలిచే నాలుగు పాదాలు వెలువడతాయి. ఆ భాష అతనికి తెలియదని రచయిత స్పష్టంగా చెబుతాడు. మృత్యువు నీడలో ఉన్నవాడు ఆమె చూపు తనవైపు మరలాలని వేడుకోవడమే ఆ మొర సారం. పాత్రలోని కాంతి భగ్గుమంటుంది. షెలోబ్ వెనక్కు తగ్గుతుంది.

తొందరపాటుగా చదివితే ఇది కౌత్సుడి విజయంలా కనిపిస్తుంది. అర్థం తెలియనివాడు ఉచ్చరించాడు, ఫలితం వచ్చింది. కాని ఆ మొరకు కొంచెం ముందు టోల్కీన్ ఒక వాక్యం పొదిగాడు. ఆ క్షణాన శామ్‌కు దూరంగా కొన్ని గొంతులు వినిపించాయి. స్వదేశపు అడవిలో నక్షత్రాల క్రింద ఎల్ఫులు ఎలుగెత్తినది ఒకటి. రివెండెల్ అగ్నిశాలలో తాను నిద్రలో జోగుతుండగా చెవిన పడిన సంగీతం మరొకటి. అంటే ఆ మాటలు ఆకాశం నుంచి ఊడిపడలేదు. విన్నాడు, ప్రేమతో విన్నాడు, అర్థం తెలియకుండానే దాచుకొన్నాడు, అవసరం వచ్చినప్పుడు అవి లేచి వచ్చాయి.

తెలుగు పాఠకుడికి ఇక్కడ గజేంద్రుడు గుర్తురాక మానడు. వ్యాసభాగవతం అష్టమస్కంధంలో, మొసలి పట్టుకు చిక్కిన ఏనుగు చేసిన స్తుతి పూర్వజన్మలో నేర్చుకొన్నదని చెప్పబడింది. ఇంద్రద్యుమ్న మహారాజుగా అభ్యసించిన జపం ఏనుగు దేహంలో ఆపదవేళ పైకి వచ్చింది. జంతువుకు సంస్కృతం ఎలా వచ్చిందన్న ప్రశ్నకు భాగవతం ఇచ్చిన సమాధానం సంస్కారం; తోటమాలికి సిందారిన్ ఎలా వచ్చిందన్న ప్రశ్నకు టోల్కీన్ ఇచ్చిన సమాధానం శ్రవణం. రెండూ ఒకటే మాట చెబుతున్నాయి. ప్రార్థన అప్పటికప్పుడు పుట్టదు; ఎవరో అంతకుముందే దానిని మనలో విత్తి ఉండాలి. మనం వేదానికి శ్రుతి అని పేరు పెట్టడంలోని మర్మమూ ఇదే. నాదం, అర్థం అనే జంట వెనుక మూడవది ఉన్నదన్నాం కదా. అది ఈ వినికిడి, ఈ పరంపర.

సామ్యం ఎంత ఉన్నదో భేదమూ అంతే ఉన్నది. పోతన హరి లక్ష్మీదేవికి సైతం చెప్పకుండా పరుగెత్తి వస్తాడు. టోల్కీన్ దేవి రాదు, పలుకదు. సముద్రానికి ఆవలనే ఉండిపోతుంది. మొర పెట్టినవాడికి ధైర్యం, చేతిలోని దీపానికి వెలుగు దక్కుతాయి. పోరాడవలసినది మాత్రం అతడే. వెదర్‌టాప్ కొండమీద ఫ్రోడో అదే నామాన్ని పిలిచినప్పుడు శత్రువుకు కత్తికంటే ఆ నామమే ఎక్కువ తగిలిందని అరగార్న్ అంటాడు. అయినా ఫ్రోడో గాయపడ్డాడు; ఆ గాయం పూర్తిగా మానలేదు. పలికితే చాలు పనిచేసే గారడీమాటలతో నిండిన కాల్పనిక సాహిత్యంలో ఈ నిగ్రహం అరుదు. అందుకే ఎల్బెరెత్ నామం మంత్రదండంగా దిగజారక, ప్రార్థనగా మిగిలింది.

కొరత

ప్రశంసతో ఆపడం న్యాయం కాదు. ఈ స్తోత్రానికి గానం ఉన్నది గాని విధి లేదు. ఎప్పుడు పాడాలి, ఎవరు నేర్పాలి, తప్పు పలికితే ఏమవుతుంది అన్న ప్రశ్నలు ఆ లోకంలో పుట్టవు. స్వరం మారినందువల్ల ఇంద్రుణ్ణి చంపవలసిన వృత్రుడు ఇంద్రుడి చేత చచ్చేవాడయ్యాడన్న తైత్తిరీయ సంహిత కథ వంటిది అక్కడ ఊహకైనా అందదు. కథోలిక మతాన్ని నిష్ఠతో పాటించిన టోల్కీన్, తన గ్రంథం మూలంలో మతపరమైనదేనని, అందుకే ఆరాధనల ప్రస్తావనను దాదాపుగా తొలగించానని 1953లో ఒక లేఖలో తెలిపాడు. ఎల్బెరెత్‌లో మరియమాత స్తుతుల ఛాయను విమర్శకులు గుర్తించడమూ సహజమే. భోజనానికి ముందు ఫరమిర్ మనుషులు పడమటి దిక్కుగా నిలిచి మౌనం పాటించడం తప్ప, ఆ విశాలగ్రంథంలో పూజ అనదగినది దాదాపు కనబడదు. గుడి లేదు, గంట లేదు, ప్రసాదం లేదు, తప్పు దిద్దే గురువు లేడు. మన పరిభాషలో చెప్పాలంటే అది స్తోత్రమే గాని మంత్రం కాదు. గానంచేసేవారు మరణం లేనివారు గనుక పరంపర వారికి సమస్య కాలేదు. మరణించే మనుషులు అదే పాటను తరతరాలకూ అందించవలసి వస్తే ఏమవుతుందో టోల్కీన్ చూపలేదు. సముద్రాలు దాటి వచ్చిన మనకు ముందున్నది సరిగ్గా ఆ ప్రశ్నే.

మన అక్షరాలు, మన పిల్లలు

ప్రవాసంలోని ఆలయాలలో పిల్లలు మంత్రపుష్పాన్ని, అష్టోత్తరాలను ఇంగ్లీషు అక్షరాలలో అచ్చువేసిన కాగితాలు చూసి చదవడం సాధారణ దృశ్యం. దీనికి అర్థమేమిటని వారు అడిగినప్పుడు తరచుగా వచ్చే సమాధానం: అర్థంతో పనిలేదు, శబ్దంలోనే శక్తి ఉన్నది. ఈ మాట చెప్పేవారు శాస్త్రాన్ని సమర్థిస్తున్నామనుకొంటారు. నిజానికి యాస్కుడు ఎత్తిచూపి ఖండించిన పూర్వపక్షాన్ని సిద్ధాంతంగా అప్పజెబుతున్నారు. మంత్రాలకు అర్థం ఉన్నదన్నదే మీమాంసకుల నిర్ణయం కూడా. శబ్దశక్తి అన్నమాట మన అజ్ఞానానికి తెర కాకూడదు.

లేని లోకంలోని లేని దేవి స్తోత్రానికి దాని కర్త పదం పదానికీ అర్థం రాసి ఇచ్చాడు. దానిని శ్రద్ధగా నేర్చుకొనే పాఠకులు నేటికీ ఉన్నారు. అదే వయసు పిల్లవాడికి ఉన్న లోకంలోని స్తోత్రానికి అర్థం చెప్పేవారు లేకపోతే, రెండింటిలో ఏది కల్పితమని అతనికి తోచుతుంది? ఈ ప్రశ్నకు సమాధానం వెతకడానికి మనం ఎక్కడికో పోనక్కరలేదు. మదరాసు వావిళ్ల వారు ఒకప్పుడు స్తోత్రాలను, కావ్యాలను టీకాతాత్పర్యాలతో తెలుగువారి ఇళ్లకు చేర్చారు. ప్రతిపదార్థం మన సంప్రదాయమే.

అర్థం తెలిసేదాకా పలకవద్దని కూడా ఎవరూ అనరాదు. శామ్ నిద్రమత్తులో విన్నదే అతన్ని కాపాడింది. అమ్మ ఒడిలో కునుకుతూ విన్న లలితాసహస్రనామం, కారులో వెనుక సీటులో కూర్చుని విన్న విష్ణుసహస్రనామం ఏ చీకటిలో లేచి వస్తాయో చెప్పలేం. చేయవలసిన పనులు రెండు. మొదటిది, స్పష్టంగా, తప్పులేకుండా, పిల్లల చెవిన పడేటట్లు మనమే పలకడం. రెండవది, వారు అడిగినప్పుడు ఒక్క నామానికైనా అర్థం చెప్పగలిగేటట్లు మనం సిద్ధంగా ఉండడం. వచ్చే శుక్రవారం అష్టోత్తరంలో ఒక్క నామాన్ని ఎంచుకొని దాని ధాతువునూ, దాని కథనూ పిల్లలకు వివరించే ఆలయం, ఏడాది తిరిగేసరికి యాభైకి పైగా నామాలను వారి సొంతం చేయగలదు.